తెప్పలమడుగు ఎల్లనడక

తూర్పు కొండల అంచున అరుణకాంతి పసుపు నీళ్లు చల్లినట్టు పరుచుకుంటున్నది. పద్మరాగపుర సామ్రాజ్యపు ఉత్తరపు కొసన చిత్రవేణీ నది, మంచుతెరలను పక్కకు నెట్టుకుంటూ, రెల్లుపూల గట్ల నడుమ నిగనిగలాడుతూ సాగుతున్నది. తెల్లకొంగలు బారులు తీరి ఎగురుతున్నాయి. నీటి మీద పడిన వాటి నీడలను చేపలు తరుముతున్నాయి. ఇంత సొగసును కళ్ల ముందు పెట్టుకుని కూడా తెప్పలమడుగు రేచనకు ఆవలింత తప్ప మరేమీ రాలేదు.

"ఆవలించేదేదో ఇప్పుడే ఆవలించు, రేచా," అన్నది మాచక్క. "పొద్దు పొడిచాక నువ్వు నోరు తెరిచావంటే అయిదూళ్లూ మునుగుతాయి."

మాచక్క ఆ అయిదూళ్ల పుట్టివాళ్లకూ పెద్దదిక్కు. వెదురుతో బుట్టలా అల్లి, అడుగున తోలు బిగించిన గుండ్రటి పడవను పుట్టి అంటారు. చిత్రవేణికి ఈ గట్టున మూడూళ్లు, ఆ గట్టున రెండూళ్లు. ఆ అయిదూళ్లలోనూ పుట్టి నడపని మనిషి లేడు.

వాళ్లకు వచ్చిన చిక్కు ఇది. ఆ రాజ్యంలో నేల అంతా నాడులుగా పంచి ఉన్నది. ఒక్కొక్క నాటి ప్రజలు ఒక్కొక్క సభ్యుణ్ణి ఎన్నుకుని రాజధానిలోని మహాసభకు పంపుతారు. ఆ నాడులకు హద్దులు గీసిన లేఖకులు ఎన్నడూ రాజధాని దాటి రాలేదు. పటం మీద నది వాళ్లకు నీలిగీతలా కనిపించింది. గీత కనిపించాక కొత్తగా మరో గీత ఎందుకని దాన్నే ఎల్లగా ఖాయం చేసి, తాంబూలం వేసుకున్నారు. పుట్టివాళ్లకు నది గీత కాదు, వీధి. ఆ వీధికి ఇటు ఇల్లు ఒక నాటిలోనూ, అటు ఇల్లు మరో నాటిలోనూ పడ్డాయి. రెండు పక్కల నుంచీ వచ్చి కలిసే వాగులు కూడా ఎల్లలే కావడంతో, అయిదూళ్లూ నాలుగు నాడుల పాలయ్యాయి. నాలుగు నాడుల సభ్యులకూ ఆ మూల ఊళ్ల పేర్లయినా తెలియవు.

దాని వల్ల ప్రాణం మీదికి వచ్చింది. నాటి నడుమ పారే నీటిని ఆ నాటివాళ్లు ఒప్పుకోనిదే ఎవరూ ఆపరాదు. కాని రెండు నాడుల మధ్య ఎల్లగా పారే నీరు సింహాసనానిది. సింహాసనం మీద ఉన్న రాజు మంచం పట్టి మూడేళ్లయింది. ఆయన ముద్రిక మహామంత్రి కుటిలవర్మ వేలికి వచ్చింది. పులినోరు అనే కనుమ దగ్గర నదికి తలుపు బిగించి, పైన తన స్ఫటిక సౌధం చుట్టూ సరస్సు నింపుకోవాలని అతని ముచ్చట. ఆ ముచ్చట తీర్చడానికి జృంభకుడనే మాంత్రికుణ్ణి కుదుర్చుకున్నాడు. కింద నీళ్లు లేక పుట్టీలు ఎండుతాయి, తలుపు తెరిచిన రోజున ఊళ్లు కొట్టుకుపోతాయి.

ఒక్కటే దారి ఉన్నది. పాత ధర్మం ఒకటి ఎవరూ కొట్టివేయక మిగిలిపోయింది. తమకు వేరే నాడు కావాలనుకున్నవాళ్లు తమలో ఒకణ్ణి నడిపించాలి. అడుగున చిల్లి ఉన్న సున్నపు కుండ చంకన పెట్టుకుని, పొద్దు పొడిచినప్పుడు ఎల్లరాయి దగ్గర బయలుదేరి, కాలినడకన చుట్టి, పొద్దు గుంకేలోగా అదే రాతిని చేరాలి. ఆ తెల్లగీత లోపల పడిందంతా కొత్త నాడు. నడిచినంత సేపూ నోట ఒక్క మాట రాకూడదు. వస్తే నడక చెల్లదు, మళ్లీ పన్నెండేళ్లదాకా అడగరాదు. గీత కలిసిన తరువాత నడిచినవాడి నోట వచ్చే మొదటి మాటే ఆ నాటి పేరు.

ఈ పేరు సంగతి రాజధానిలో ఎవరూ నవ్వకుండా చెప్పలేరు. పూర్వం ఒకడు రాయి చేరగానే నీళ్లడిగాడు, అది దాహంనాడు. మరొకడి కాలు గుంపులో ఎవరో తొక్కారు, అది ఎవర్రానాడు. అయినా మహాసభలో ద్వారపాలకుడు వెండిబెత్తం తాటించి, "ఎవర్రానాటి సభ్యులవారు వేంచేస్తున్నారు," అని గంభీరంగానే పిలుస్తాడు.

అయిదూళ్లవాళ్లు తమ నాటికి అలాంటి గతి పట్టకూడదని ముందే పేరు ఎంచుకున్నారు. ఎవరి ఊరి పేరు పెట్టాలన్న దానిమీద తొమ్మిది రోజులు జుట్లు పట్టుకున్నారు. చివరికి ఎవరిదీ కాకుండా నది పేరు పెట్టి, చిత్రవేణినాడు అని మూతి ముడుచుకుంటూనే ఒప్పుకున్నారు. నడిచేవాణ్ణి చీటీ వేసి తీయాలి. చీటీ రేచనకు వచ్చింది. అయిదూళ్లలోనూ అంతటి వాగుడుకాయ మరొకడు లేడు. అతడు నిద్రలో కూడా మాట్లాడతాడు, తెడ్డుతో మాట్లాడతాడు, వలలో పడిన చేపను క్షేమం అడిగి మరీ తీస్తాడు. చీటీలో తన పేరు విన్నప్పుడు అందరికంటే ఎక్కువ భయపడినవాడు రేచనే.

"నేను సిద్ధం," అన్నాడు రాజధాని నుంచి వచ్చిన ఎల్లసాక్షి గుండాభట్టు, గాడిద మీద సర్దుకుని కూర్చుంటూ. లావుపాటి మనిషి, కాని అక్షరం తప్పని మనిషి. చేతిలో తాటాకుల కట్ట, గంటం. "నాయనా, నేను నీకు సాయం రాను, అడ్డం రాను. చూసింది రాస్తాను."

"చిత్రవేణినాడు, చిత్రవేణినాడు," అని రేచన చివరిసారి గొణుక్కున్నాడు. సూర్యబింబం కొండ మీదికి ఎక్కింది. అతడు పెదవులు బిగించి, కుండ అడుగున వేలు తీశాడు. తెల్లటి ధార నేల మీద పడింది.

కోసెడు దూరమైనా నడవక ముందే గోతిలో నుంచి ఏడుపు వినిపించింది. ముళ్లకంపల మధ్య, బురదలో నడుము దాకా కూరుకుపోయి, అతని నాయనమ్మ. చింపిరి జుట్టు, అదే ముక్కుపుడక.

"రేచా, నా నాయనా, దిగబడిపోతున్నాను. పలకరా. ఒక్కసారి పలకరా."

రేచన నోటి దాకా వచ్చిన మాటను పళ్ల మధ్య నొక్కిపట్టి, తలపాగా విప్పి, ఒక కొన చెట్టుకు చుట్టి, రెండో కొన ఆమె చేతికందేలా విసిరాడు.

"గుడ్డ ఎందుకురా నాకు? ముందు నోరు తెరిచి పలుకు," అన్నది ముసలమ్మ, గుడ్డ వంక చూడనైనా చూడకుండా.

బురదలో కూరుకుపోయే మనిషికి తాడు వద్దట, కబుర్లు కావాలట. రేచనకు కడుపులో నుంచి నవ్వు తన్నుకొచ్చింది. తలపాగా లాక్కుని ముందుకు నడిచాడు. వెనుక గోతిలో ముసలమ్మ పొగగా మారి, పళ్లు కొరుకుతూ గాలిలో కలిసింది. జృంభకుడి మొదటి పాచిక పారలేదు.

పులినోరు చేరేసరికి కనుమ నిండా దట్టమైన మంచు కమ్మి ఉన్నది. కింద నీటి హోరు వినిపిస్తున్నదే గాని చెయ్యి చాపితే చెయ్యి కనపడదు. అక్కడ పూర్వమెప్పుడో పడిన మద్దిమాను ఒకటి ఇటు బండ నుంచి అటు బండకు వంతెనలా ఉండేది. రేచన దాని మీద నాలుగు అడుగులు వేశాడు. అయిదో అడుగు మెత్తగా తగిలింది. ఆరో అడుగుకు మాను కదిలింది.

అది మాను కాదు. మాను మందాన కొండచిలువ. దాని పొలుసులు రాగి నాణేల్లా మెరిశాయి, కళ్లు కొలిమిలో నిప్పుల్లా ఎర్రబడ్డాయి, నోటి ఆవిరికి గట్టున గడ్డి వాడిపోయింది. రేచన వెనుదిరగరాదు. వెనుదిరిగితే గీత తెగిపోతుంది. అతడు దాని వీపు మీదే పరుగు లంకించుకున్నాడు. చిలువ తల తిప్పి మింగబోయేసరికి, చంకలోని కుండ ఒరిగి, సున్నం జలజలమని దాని రెండు కళ్లలోనూ పడింది. అది బాధతో ఒళ్లు విదిలించింది. ఆ విదిలింపుకు రేచన గాలిలో లేచి, మూడు పల్టీలు కొట్టి, ఆవలి గట్టు ఇసుకలో కూలబడ్డాడు. మోకాళ్లు దోక్కుపోయాయి. అబ్బా అనడానికి కూడా లేదు.

ఈవలి గట్టున గుండాభట్టు తాటాకు మీద రాశాడు: "ఇచ్చట ఎల్ల ఒక కొండచిలువ వీపు మీదుగా ఇరువది ఆరు అడుగులు పోయెను." తరువాత కింది రేవుకు పోయి, ఒక పుట్టిని పిలిచి, గాడిదను బతిమాలి ఎక్కించుకుని దాటి వచ్చాడు. రేచన అప్పటికే పడమటి ఊళ్లు రెంటినీ చుట్టేస్తున్నాడు.

దారి పొడుగునా జనం గుమ్మాలలో నిలబడి, అతనికి మాట వస్తుందేమోనని తమ నోళ్లకే చేతులు అడ్డం పెట్టుకున్నారు. ఒక అవ్వ మజ్జిగ ముంత అందించింది. రేచన తాగి, కళ్లతోనే దండం పెట్టాడు. మధ్యాహ్నం ఎండ మాడు పగలగొడుతున్నది. మాట్లాడకుండా ఇంత సేపు బతకవచ్చునని అతనికి అంతకుముందు తెలియదు.

దక్షిణాన మళ్లీ నది దాటాలి. అక్కడ మాను లేదు, బండ లేదు, డెబ్బై బారల వెడల్పున నీరు. ధర్మం కాలినడక అంటున్నది. కుటిలవర్మ గుండె నిబ్బరమంతా ఆ నీటి మీదే.

గట్టు మలుపు తిరిగిన రేచన కళ్లు చెమర్చాయి. అయిదూళ్ల పుట్టీలూ గట్టు నుంచి గట్టుకు వరసగా నిలబడి ఉన్నాయి. ఒక్కొక్క దానిలో ఒక మనిషి కూర్చుని, రెండు చేతులతో రెండు పక్కల పుట్టీల అంచులు పట్టుకున్నాడు. నిన్నటిదాకా పేరు కోసం కొట్లాడుకున్నవాళ్లే ఒకరి అంచు ఒకరు పట్టుకున్నారు. మధ్యలో మాచక్క.

"నడు," అన్నది ఆమె. "ఊగకు. మా పిల్ల ప్రసవానికి మంత్రసానిని నీ పుట్టిలో ఈ నది మీదనే తీసుకొచ్చావు కదరా, అప్పుడు ఊగావా?"

అతడు ఒక పుట్టిలో నుంచి మరో పుట్టిలోకి అడుగులు వేసుకుంటూ నడిచాడు. ప్రతి పుట్టి అడుగునా సున్నపు చుక్క పడింది. గుండాభట్టు నుదురు రుద్దుకున్నాడు. కదిలే వాటి మీద ఎల్ల గీయవచ్చునా? గ్రంథమంతా మనసులో తిరగేశాడు. గీయరాదని ఎక్కడా లేదు. "ఇచ్చట ఎల్ల అరువది మూడు పుట్టీల మీదుగా పోయెను. పుట్టీలు కదులును. ఎల్ల కదలదు," అని రాసి, తన తీర్పుకు తానే మెచ్చుకున్నాడు. గాడిద మాత్రం రెండోసారి పుట్టి ఎక్కనని మొండికేసింది. భట్టు దాని చెవులు పట్టుకుని గుంజుతూ వెనుకబడిపోయాడు.

రేచన తూర్పు గట్టున ఒంటరిగా ఉత్తరానికి మళ్లాడు. కాళ్లు బరువెక్కాయి. కుండలో సున్నం అడుగంటుతున్నది. ఇంకా గంట నడక ఉన్నదనుకుంటూ ఉండగా ఉన్నట్టుండి చుట్టూ మసకబారింది. పక్షులు గూళ్లకు మళ్లాయి. ఎదురుగా ఎల్లరాయి, దాని మీద దీపం, చుట్టూ జనం, డప్పులు. గుండాభట్టు చేతులు చాచుకుని ఎదురొచ్చాడు.

"చేరావు నాయనా, పొద్దు గుంకింది, నడక ముగిసింది. ఇక పేరు పలుకు."

రేచన నోరు తెరిచాడు. చి అనే అక్షరం నాలుక కొసకు వచ్చింది. అలవాటు కొద్దీ కాలి బొటనవేలితో నేల తడిమాడు. మట్టి. మట్టి తప్ప మరేమీ లేదు. పొద్దున ఈ రాతి దగ్గరే కదా కుండ అడుగున వేలు తీసింది? తను గీసిన గీత ఏది? చుట్టు కలిస్తే కాలికి సున్నం తగలాలి.

పలకబోయిన అక్షరాన్ని గుటక వేసి మింగేశాడు. భట్టు చూపులను తప్పించుకుని, డప్పుల గుంపును చీల్చుకుని ముందుకు నడిచాడు. గుంపు మంచులా విడిపోయింది. "ఆగు, మూర్ఖుడా," అని భట్టు గొంతు మాంత్రికుడి గొంతుగా మారి అరిచింది. చీకటి చిరిగిపోయింది. సూర్యుడు ఇంకా పడమటి కొండకు రెండు బారల ఎత్తున నింపాదిగా ఉన్నాడు.

ఆ తరువాతి దారి రేచన నడిచాడో పరుగెత్తాడో అతనికే తెలియదు. రెండో గట్టు నుంచి పుట్టీలలో వచ్చేసిన జనం అసలు ఎల్లరాయి చుట్టూ ఊపిరి బిగబట్టి నిలబడ్డారు. గాడిదను లొంగదీసుకున్న గుండాభట్టు ఒగరుస్తూ వెంట చేరాడు. కుండలోని ఆఖరి చారెడు సున్నం జారి, పొద్దుటి తెల్లగీత మీద పడింది. గీత గీతను కలిసింది.

అయిదూళ్ల నీళ్లు దక్కాయి. నాయనమ్మ ఇల్లు నిలిచింది. రేచన మోకాళ్ల మీద కూలబడ్డాడు. పొద్దుటి నుంచి ఛాతీలో బిగబట్టినదంతా ఒక్కసారి వదులైంది. నూరుసార్లు వల్లించిన పేరు ఎక్కడికి పోయిందో పోయింది. గుండె లోతుల్లో నుంచి ఒక్క మాట బయటికి వచ్చింది.

"హమ్మయ్య."

గుండాభట్టు గంటం తాటాకు మీద గరగరలాడిన చప్పుడు మాత్రం వినిపించింది. తరువాత ఆయన శంఖం అందుకుని మూడుసార్లు పూరించాడు.

"హమ్మయ్యనాడు," అని చదివాడు. "పేరు పడింది. ఇక సూర్యచంద్రులున్నంత వరకు ఇదే."

రేచన ముఖం కందగడ్డ అయింది. "అక్కా, పొరపాటయింది. పేరు నాలుక మీదనే ఉన్నది. నన్ను నదిలో తోసెయ్యి."

మాచక్క ఏదో కఠినంగా అనబోయింది. అనలేక నవ్వేసింది. ఆ నవ్వు పక్కవాళ్లకు అంటుకుని, అక్కడి నుంచి అయిదూళ్లకూ పాకింది. కడుపులు పట్టుకుని నవ్వారు, కళ్లు తుడుచుకుని మళ్లీ నవ్వారు.

"పోనీలేరా," అన్నాడు ఆ అయిదూళ్లలో ఒకటైన గుల్లలరేవు పెద్ద, తొమ్మిది రోజులూ అందరికంటే ఎక్కువ అరిచినవాడు. "నిజం చెప్పాలంటే ఆ చిత్రవేణినాడు నాకేమంత నచ్చలేదు."

"మాకూ నచ్చలేదు," అన్నారు మిగిలిన నలుగురు పెద్దలూ, బరువు దిగినట్టు.

సంబరం సద్దుమణగక ముందే రేవులో ఉన్న ఆడవాళ్లు కేక పెట్టారు. నీరు తగ్గుతున్నది. కళ్ల ముందే గట్టు దిగి, ఇసుక బయటపడి, పుట్టీలు ఒక్కొక్కటే పక్కకు ఒరిగిపోతున్నాయి. పొద్దున పులినోట్లో అంత మంచు ఎందుకు కమ్మిందో అప్పుడు రేచనకు తెలిసింది. ఆ మంచు చాటున తలుపు ఎప్పుడో కట్టేశారు. ఇప్పుడు మూశారు.

మూడు వందల మంది ఎండుతున్న నదిలో పడి ఎగువకు పరుగెత్తారు. తెడ్లే ఆయుధాలు. వాళ్ల వెనుక, తాటాకుల కట్ట గుండెకు హత్తుకుని, గాడిద మీద గుండాభట్టు.

కనుమకు అడ్డంగా టేకు దూలాల తలుపు కొండంత ఎత్తున నిలిచి ఉన్నది. దాని వెనుక నీరు బుసలు కొడుతున్నది. తలుపు ముందు రెండు వందల మంది భటులతో దళవాయి రణసింగడు కత్తి దూసి నిలబడ్డాడు. నెరిసిన మీసాలు, నిప్పులాంటి చూపు. కొలువులో ఉన్నంత కాలం ఆజ్ఞ దాటి ఎరుగడు, ధర్మం దాటి అసలే ఎరుగడు.

"ఆగండి," అన్నాడు. "ఏ నాటివాళ్లు మీరు?"

అది కొత్త ప్రశ్న కాదు. అంతకుముందు ఎన్నిసార్లు ఫిర్యాదుకు వచ్చినా అతడు అదే అడిగేవాడు. దాహంనాడని కొందరు, ఎవర్రానాడని కొందరు, మిగిలినవాళ్లు మరో రెండు పేర్లు చెప్పేవాళ్లు. ఎవరి నాటికి వాళ్లు వెళ్లి చెప్పుకోండని అతడు నాలుగు దిక్కులకూ చెయ్యి చూపేవాడు. జనం నాలుగు ముక్కలై ఇళ్లకు పోయేవాళ్లు.

ఈసారి ఎవరూ పక్కవాడి ముఖం చూడలేదు.

"హమ్మయ్యనాడు," అన్నారు మూడు వందల మంది, ఒక్క గొంతుతో.

దళవాయి మీసం కదిలింది. గుండాభట్టు గాడిద దిగి తాటాకులు అందించాడు. రణసింగడు మొదటి నుంచి చదివాడు. కొండచిలువ దగ్గర ఆగి, భట్టు ముఖం చూసి, మళ్లీ చదివాడు. అంతా అయ్యాక కట్ట కళ్లకద్దుకుని తిరిగి ఇచ్చాడు.

"నది వీళ్ల నాటి నడుమ పారుతున్నది. సింహాసనానికి దీని మీద హక్కు లేదు," అని భటులతో అన్నాడు. కత్తి ఒరలో పెట్టి పక్కకు జరిగాడు. "తలుపు మీది. తీసుకోండి."

మాచక్క అక్కడే కూర్చుని వెక్కి వెక్కి ఏడ్చింది. మూడు తరాలుగా తమను ఎవరూ ఇలా పక్కకు జరిగి పోనివ్వలేదు. మిగిలినవాళ్లు ఆమెను, భటులను కూడా గట్టు మీదికి లాగారు. కింది ఊళ్లకు దెబ్బ తగలకుండా నీరు కొద్దికొద్దిగా వదలాలని, రేచన ఒక్కడే తలుపెక్కి పై వరస దూలానికి కొట్టిన మేకును తెడ్డుతో లేపాడు.

మేకు ఊడింది. దూలం జారకుండా దాని అవతలి కొనను జృంభకుడు రెండు చేతులా పట్టుకుని మంత్రం చదువుతున్నాడని రేచన చూడలేదు. దూలం, దాని ఈ కొసన రేచన, ఆ కొసన జృంభకుడు, నీటితో పాటు ఎగిరి కింద ప్రవాహంలో పడ్డారు. ఎండిన ఇసుక మీదికి నురుగులు కక్కుతూ నీరు దూకింది. గట్టు మీద కేరింతలు వెనుకబడ్డాయి. నడినదిలో దూలం బాణంలా పోతున్నది. మాంత్రికుడి జడలు తడిసి ముఖానికి అతుక్కున్నాయి. నీళ్లు నోట్లోకి పోయి మంత్రాలు పొట్టలోకి దిగిపోతున్నాయి. ఎదురుగా బండల మలుపు తరుముకొస్తున్నది, దాని వెనుక సుడిగుండాల హోరు.

"ఓరి పుట్టివాడా, నాకు ఈత రాదు," అని జృంభకుడు బావురుమన్నాడు. "నీకు పుణ్యముంటుంది, నన్ను ఏదో ఒక రేవులో దింపు."

రేచన తెడ్డు నీటిలో గుచ్చి, దూలాన్ని బండల పక్కకు తిప్పుతూ అడిగాడు.

"ముందు నీది ఏ నాడో చెప్పు."